క్షేత్రస్థాయి ఉద్యోగుల భత్యాలు – ఆదాయపు పన్ను మినహాయింపులు

ఆరుబయట విధులు నిర్వహించే ఉద్యోగుల భత్యాలకు 1961 ఆదాయపు పన్ను చట్టం 10(14) సెక్షన్, 1962 నిబంధనలలోని 2బిబి నియమం కింద మినహాయింపు కల్పించబడింది. పర్యటన, దినసరి, విధి నిర్వహణ ప్రయాణ, యూనిఫారం భత్యాలలో వాస్తవంగా ఖర్చయిన మొత్తానికే మినహాయింపు వర్తిస్తుంది. మిగిలినది జీతంగా పరిగణించబడుతుంది. దినసరి భత్యం పొందని రవాణా వాహన సిబ్బందికి భత్యంలో 70 శాతం లేదా నెలకు రూ.10,000, వీటిలో ఏది తక్కువైతే అది, భూగర్భ గనుల ఉద్యోగులకు నెలకు రూ.800 పరిమితిగా నిర్ణయించారు.

2023-24 ఆర్థిక సంవత్సరం నుంచి పాత పన్ను విధానాన్ని కోరుకోని వారికి యూనిఫారం, రవాణా సిబ్బంది, భూగర్భ భత్యాలపై మినహాయింపు లేదు. పర్యటన, దినసరి, విధి నిర్వహణ ప్రయాణ భత్యాలకు మాత్రం కొనసాగింది. 2026 ఏప్రిల్ 1కి ముందు ఆర్జించిన ఆదాయానికి ఈ నిబంధనలే వర్తిస్తాయి; ఆ తేదీ నుంచి ఆర్జించే ఆదాయం 2025 ఆదాయపు పన్ను చట్టం పరిధిలోకి వస్తుంది.