స్వప్నలేఖనము: కలలను పట్టుటకు జరిగిన యత్నములు

బాణాసురుని కూతురు ఉష కలలో ఒక యువకుని చూచి, మేల్కొని, అతడెవ్వడో తెలియక పరితపించిన కథ మన యింటింట నెరిగినదే. చెలికత్తె చిత్రరేఖ దేవ గంధర్వ యాదవ వీరుల రూపములను వరుసగా పటమున వ్రాసి చూపగా, అనిరుద్ధుని బొమ్మ కంటబడినప్పుడు ఉష సిగ్గుతో తల వంచెను. భాగవత దశమస్కంధములోని యీ ఘట్టమును మనము ప్రణయకథగనే చదువుకొనుచున్నాము. కాని ఇందులో నొక శాస్త్రసమస్య కూడ ఇమిడియున్నది. కల కన్నది ఒకరు, దానిని బొమ్మగా దించినది వేరొకరు. కన్నవారు గుర్తుపట్టి ఒప్పుకొనువరకు ఆ బొమ్మకు విలువ లేదు. ఈ చిక్కు నేటి యంత్రములను కూడ వదలలేదు.

కలలను వ్రాసియుంచుట అతి ప్రాచీనము. ఈజిప్టు దేశమున రామెసెస్ రాజుల కాలపు స్వప్నగ్రంథ మొకటి లండనులోని బ్రిటిష్ మ్యూజియములో నున్నది. దుస్స్వప్నముల యెదుట 'చెడు' అను మాటను అందు ఎఱ్ఱసిరాతో వ్రాసిరి. కోరిన కలను రప్పించుకొను ప్రయత్నమును క్రొత్తది కాదు. గ్రీసులోని ఎపిడారస్ క్షేత్రమున రోగులు వైద్యదేవత యాలయములో నిద్రించి, కలలో చికిత్స తెలియునని ఎదురుచూచెడివారు. మ్రొక్కుకొని గుడిలో నిద్రచేయు ఆచారము మనకును కలదు.

కలను ప్రయోగమునకు లోబరచిన తొలి వ్యక్తులలో ఫ్రాన్సుదేశపు ఎర్వే ద సాందెనీ ప్రముఖుడు. చీనా భాషలో పండితుడు, పారిసులోని కొలేజ్ ద ఫ్రాన్సులో ఆచార్యుడు. ఈయన పదమూడవ యేటనే తన కలలను వ్రాసికొన నారంభించి, 1946 రాత్రుల స్వప్నములను 22 పుస్తకములలో నింపెను. కొంతకాలమునకు, ఇది కలయే యను ఎరుక కలలోనే కలుగ నారంభించెను. అంతటితో నాగక, కలను తన యిష్టము వచ్చిన వైపునకు త్రిప్పవచ్చునా యని పరీక్షింప దొడగెను.

ఆ పరీక్షలు సరసమైనవి. ఒక పర్వతప్రాంతమున విడిది చేసిన దినములలో ఒకే పరిమళమును చేతిరుమాలునకు పూసికొని తిరిగెను. ఇల్లు చేరిన పిమ్మట ఆ సీసాను చాలకాలము ముట్టలేదు. తానెరుగని యేదో యొక రాత్రి, తాను నిద్రించుచుండగా, దిండుపై కొన్ని చుక్కలు చల్లుమని సేవకునికి చెప్పియుంచెను. ఆ రాత్రి కలలో కొండలు కనుపించెను. మరియొకప్పుడు నాట్యసభలలో ఒక్కొక్క యువతితో నాట్యమాడునప్పుడెల్ల ఒక్కొక్క నియతమైన పాటనే వాయించునట్లు వాద్యబృందనాయకునితో ఏర్పాటు చేసికొని, పిదప ఆ పాటలను వాయించు పెట్టెను గడియారమునకు అమర్చి పడుకొనెను. ఏ పాట మ్రోగిన ఆ పాటకు చెందిన యువతియే కలలోనికి వచ్చెనట! 1867లో ఈ యనుభవములను గ్రంథముగ వెలువరించినప్పుడు ఆయన తన పేరైనను వేసికొనలేదు. ఎంత వెదకినను ఆ పుస్తకము తనకు దొరకలేదని ఫ్రాయిడ్ మహాశయుడు వ్రాసికొనెను.

ఆయన సమకాలికుడగు ఆల్ఫ్రెడ్ మోరీ వాదము వేరు. ఒక రాత్రి మంచపు పట్టె యూడి ఆయన మెడపై పడెను. అదే సమయమున, ఫ్రెంచి విప్లవములో తనను విచారించి గిలటిన్ యంత్రము క్రింద తల నరికినట్లు ఆయనకు దీర్ఘమైన కల వచ్చెను. పట్టె తగిలిన క్షణములోనే కథ యంతయు పుట్టెనని ఆయన నిశ్చయించెను. నిద్రించువానిని వెలుపలినుండి పరీక్షించు సాధనము లేనందున ఈ మాట చాలకాలము చెల్లెను.

ఆ సాధనమునకు బీజము జర్మనీలోని యేనా నగరమున పడెను. హాన్స్ బెర్గర్ అను యువకుడు సైనికశిక్షణలో గుఱ్ఱముపైనుండి పడి, త్రుటిలో ప్రాణాపాయము తప్పించుకొనెను. ఆనాడే దూరముననున్న అక్క మనస్సు కలవరపడగా, ఇంటినుండి క్షేమమడుగుచు తంతి వచ్చెను. భావము మెదడునుండి మెదడునకు పయనించునా యను ప్రశ్న ఆయనను జీవితమంతయు వెంటాడెను. దానికి జవాబు దొరకలేదు గాని, ఆ యన్వేషణలో 1924లో మానవ మస్తిష్కపు విద్యుత్తరంగములను తొలిసారి కాగితముపైకి దించి, 1929లో ప్రకటించెను.

తరువాతి యడుగు చికాగో విశ్వవిద్యాలయమున పడెను. యూజీన్ ఆసెరిన్‌స్కీ అను పరిశోధక విద్యార్థికి బి.ఏ. పట్టమైనను లేదు, భార్యాబిడ్డలతో ఇబ్బందిగ కాలము గడుపుచుండెను. నిద్రాశాస్త్రమున ప్రసిద్ధుడగు ఆచార్య నతానియేల్ క్లైట్‌మన్ ఆయనకు కనుగ్రుడ్ల కదలికను గమనించు పని యొప్పగించెను. 1951 డిసెంబరులో ఒక రాత్రి, మూలపడియున్న పాత యంత్రమును బాగుచేసి, ఎనిమిదేండ్ల తన కుమారుని తలకు తీగలు తగిల్చి పడుకొనబెట్టెను. బాలుడు గాఢనిద్రలో నుండగా యంత్రపు కలములు ఒక్కసారిగ వడివడిగా ఊగసాగెను. మేల్కొనెనేమో యని గదిలోనికి పోయి చూడగా, పిల్లవాడు కన్నులు మూసియే యున్నాడు. యంత్రములో లోపమున్నదేమో యని అనేక పర్యాయములు శోధించెను. రాత్రి కొకసారి సుమారు అరమైలు పొడవు కాగితము ఖర్చగుచుండెను. 1953లో ప్రకటించిన ఫలితము ఇది: కన్నులు ఆ విధముగ కదలుచుండగా 27 పర్యాయములు నిద్రలేపగా, 20 పర్యాయములు స్పష్టమైన కలలు చెప్పిరి. కదలిక లేనప్పుడు 23 పర్యాయములు లేపగా, 19 పర్యాయములు ఏమియు గుర్తులేదనిరి.

నిద్రించువాడు కల కనుచున్నాడని ప్రక్కవారు పసిగట్టుటకు ఇట్లు తొలిసారి నమ్మదగిన గుర్తు దొరకెను. 1957లో డెమెంట్, క్లైట్‌మన్ లు కదలిక మొదలైన ఐదు నిమిషములకో పదునైదు నిమిషములకో లేపి, ఎంతసేపు కల కంటివని ప్రశ్నింపగా, అధిక పర్యాయములు సరియైన జవాబే వచ్చెను. మోరీ క్షణికవాదము అక్కడితో కూలెను. ఆసెరిన్‌స్కీ మాత్రము కొద్దికాలమునకే ఆ రంగమును విడిచిపోయెను. శాస్త్రచరిత్రలో ఇట్టి అన్యాయములు క్రొత్తవి కావు.

కలలోనున్నవాడు వెలుపలివారితో మాట్లాడగలడా? ఆ దశలో దేహమునందలి కండరములు పట్టు విడిచి యుండునని ఫ్రాన్సులోని లియాన్ నగరమున జూవే పండితుడు 1959 ప్రాంతమున పిల్లులపై నిరూపించెను. కదలగలిగినవి ముఖ్యముగ కన్నులే. 1975లో ఇంగ్లండులోని హల్ విశ్వవిద్యాలయమున కీత్ హెర్న్ ఆ దారినే వాడుకొనెను. ఇది కలయని తెలిసిన తక్షణమే కన్నులను కుడియెడమలకు త్రిప్పవలెనని ముందుగ నిర్ణయించుకొనిరి. ఆ సంకేతము నిద్రలోనుండి కాగితముపైకి వచ్చెను. అమెరికాలో స్టీఫెన్ లబెర్జ్ స్వతంత్రముగ అదే ఫలితము సాధించి 1981లో ప్రకటించెను.

2013లో జపాను దేశపు క్యోటో ప్రాంతమున కమితాని బృందము ముగ్గురిని ఒక్కొక్కరిని సుమారు 200 పర్యాయములు నిద్రలేపి, అప్పుడే చూచిన దృశ్యములను చెప్పించి, మెదడులోని రక్తప్రసరణ చిత్రములతో పోల్చి చూచెను. పిమ్మట మెదడు చిత్రమును బట్టియే కలలో మనిషియా, వాహనమా, భవనమా యని ఊహింపగా, పదింట ఆరు పర్యాయములు సరిపోయెను. ఇదియు నిద్ర పట్టు వేళ కలిగెడు దృశ్యములకు సంబంధించినదే గాని, నడిరేయి స్వప్నము కాదు. అన్నిటికిని ఆధారము మేల్కొన్నవాని మాటయే. ఉష తల యూపనిదే చిత్రరేఖ పని ముగియదు.

కల్పన మాత్రము ముందే పోయినది. జపాను రచయిత త్సుత్సుయి 'పాప్రికా' నవలను 1993లో వెలువరించెను; 2006లో సతోషి కోన్ దానిని చలనచిత్రముగ తీసెను. అందు పరుల కలలలో ప్రవేశింపగల పరికరము దొంగిలింపబడును. ఇట్టి పరికరము నేటికిని లేదు. కాని కలలోనికి చొరబడు కోరిక కలవారు లేకపోలేదు. 2021లో నాలుగు దేశముల శాస్త్రజ్ఞులు 36 మందిపై ప్రయోగములు జరిపి, కొందరు కలలోనుండియే చిన్న లెక్కలకు కన్నులతో జవాబు చెప్పిరని ప్రకటించిరి. సరియైన జవాబులు నూటికి పదునెనిమిది మాత్రమే. ఆ సంవత్సరమే అమెరికాలో ఒక బీరు సంస్థ, పడుకొనుటకు ముందు తమ చిత్రమును చూచి, దాని ధ్వనులను వినుచు నిద్రింపుడని ప్రకటన చేసెను. వాడినది ఎర్వే పాటల పెట్టెలోని సూత్రమే. అయితే ఆయన ఆ పెట్టెను తన మంచము ప్రక్క తానే పెట్టుకొనెను. నిద్రాశాస్త్రజ్ఞులు సుమారు నలువదిమంది బహిరంగలేఖ వ్రాసి, కలలలో వాణిజ్య ప్రకటనలు చొప్పించుటను చట్టముచే అడ్డగింపవలెనని కోరిరి.