గుహలో కుమారస్వామి, అడవిలో ఏనుగు



ఇటీవల మలేషియా దేశమున ఒక్క దినములో రెండు చోట్లు చూచివచ్చితిమి. ఉదయమున బతు గుహలలోని కుమారస్వామి కోవెల. మధ్యాహ్నమున కువాలా గండా అను చోట నున్న ఏనుగుల సంరక్షణశాల. మా అమ్మాయి, అల్లుడు, ఎనిమిదేండ్ల మనుమరాలు, నేను, మొత్తము నలుగురము. ముసలివానికి దేవుడు, పిల్లకు ఏనుగులు అని మా యల్లుడు ఈ ప్రయాణము నేర్పరచెను. కౌలాలంపూరు నగరమునుండి బయలుదేరునప్పుడు ఈ రెండు చోట్లకును సంబంధ మేమియు లేదనియే నేను తలచితిని. రాత్రి యిల్లు చేరునప్పటికి ఈ రెండును ఒకే చరిత్రలోని రెండు పుటలని తోచినది. ఆ సంగతియే నేడు మీకు మనవి చేసెదను.

ఆ దేశముతో మా యింటికి పాత సంబంధము కలదు. మా తాతగారి తమ్ముడు శ్రీకాకుళము ప్రాంతమునుండి కంగాణి వెంట ఓడ యెక్కి మలయా తోటలకు పోయెను; మరల రాలేదు. ఆయన యెవరిచేతనో వ్రాయించి పంపిన జాబు ఒకటి మా యింటి భోషాణములో చాలకాల ముండెను. “ఇచట అడవి కొట్టుచున్నాము. రాత్రులు ఏనుగులు వచ్చి మొక్కలు పెరికివేయుచున్నవి. మంటలు వేసికొని మేలుకొని యుందుము.” క్షేమసమాచారముల నడుమ ఈ మూడు మాటలు నాకు కంఠస్థమైనవి. బాల్యమున వానిని కథగా చదువుకొంటిని. అవి చరిత్ర యని తెలియుటకు నాకు అరువదియేండ్లు నిండవలసివచ్చెను.

మలయా భాషలో బతు అనగా రాయి. కౌలాలంపూరునకు ఉత్తరముగా 13 కిలోమీటర్ల దూరమున నిటారుగా లేచిన సున్నపురాతి కొండ యది. ఆ రాయి వయస్సు సుమారు 40 కోట్ల సంవత్సరములని భూగర్భశాస్త్రజ్ఞులు చెప్పుదురు. గుడి వెలయుటకు ముందు ఆ గుహలు తెమువాన్ అను అడవిజాతివారికి నీడనిచ్చినవి. 1860 ప్రాంతమున చీనావారు అందులోని గబ్బిలముల పెంటను త్రవ్వుకొనిపోయి తమ కూరగాయల మడులకు ఎరువుగా వేసికొనిరి.

1878 లో విలియం హార్నడే అను అమెరికా దేశీయుడు ఈ గుహలను చూచి పాశ్చాత్య లోకమునకు తెలియజేసెను. ఇతని చరిత్ర వినదగినది. ఇతడు జంతువులను చంపి, చర్మములను వలిచి, ప్రదర్శనశాలలకు పంపుటకై మన దేశమునకు వచ్చినవాడు. దక్షిణమున ఆనైమలై కొండలలో ఏనుగులను వేటాడి, అటుపిమ్మట మలయా చేరెను. స్వదేశమునకు మరలిన కొంతకాలమునకు, లక్షలాది అడవిదున్నలు తిరిగిన అమెరికా మైదానములు శూన్యమగుట చూచి అతని మనసు మారెను. వేటకాడు రక్షకుడయ్యెను. 1905 లో ఆ దున్నల సంరక్షణకై యేర్పడిన సంఘమునకు అతడే ప్రథమాధ్యక్షుడు. ఒక్క మనుష్యుని జీవితములో జరిగిన మార్పు ఒక దేశమునకు జరుగుటకు ఎంత కాలము పట్టునో ఆనాటి మధ్యాహ్నము నాకు కొంత బోధపడినది.

గుడి వెలసిన విధము చెప్పెదను. కె. తంబుసామి పిళ్ళై సింగపూరులో 1850 లో జన్మించిన తమిళ వర్తకుడు. కౌలాలంపూరులోని మహామారియమ్మ గుడిని 1873 లో స్థాపించినవా డితడే. ఈ గుహ ముఖము స్వామివారి వేలాయుధము ఆకారమున నుండుట చూచి, లోపల స్వామిని ప్రతిష్ఠింపజేసెను. 1892 మొదలు అచట తైపూసము ఉత్సవము జరుగుచున్నది. పుష్యమీ నక్షత్రము పూర్ణిమతో కూడివచ్చు పర్వమది. నగరములోని మారియమ్మ గుడినుండి వెండి రథము బయలుదేరును. లక్షల జనము పాలకుండలతో, కావడులతో కొండ యెక్కుదురు. కొండకు 1920 లో కొయ్యమెట్లు వేసిరి. తరువాత సిమెంటు మెట్లు వచ్చినవి. అవి 272. క్రింద నిలిచిన 42.7 మీటర్ల బంగారువన్నె విగ్రహము 2006 లో ఆవిష్కృతమైనది. 2018 లో మెట్లకు రంగులు వేసిరి.

మా మనుమరాలు మెట్లు లెక్కపెట్టుచు ముందు పరుగెత్తెను. నేను ప్రతి ముప్పది మెట్లకును నిలిచి ఊపిరి పీల్చుకొంటిని. ఒక కోతి నా చేతిలోని కొబ్బరిచిప్పను లాగుకొని పోయెను. పైకి చేరి లోనికి పోగా, కప్పు నూరు మీటర్ల యెత్తున నున్నది. ఎగువ నొక రంధ్రమునుండి వెలుగు పడుచున్నది. రాతినుండి నీరు చుక్కచుక్కగా రాలుచున్నది. నాకు మా చిన్నతాత జ్ఞప్తికి వచ్చెను. ఆయన ఈ గుహ చూచెనో లేదో నేను చెప్పజాలను. కాని తోటలనుండి వచ్చిన వేలకొలది జనము ఇచ్చట నిలిచి, తమ యూరి సుబ్బారాయుని తలచుకొని యుందురు. పరదేశమున పొలము మనది గాదు, ఇల్లు మనది గాదు. దేవుడొక్కడు మనవాడైన, ఆ భూమి కొంత మనదగును. ఆ గుహ వారి కిచ్చిన దిదియే.

పిమ్మట కారులో తూర్పునకు సాగితిమి. పర్వతశ్రేణిని దాటి పహాంగు రాష్ట్రములోనికి సుమారు 100 కిలోమీటర్లు పోవలెను. పిల్ల విసుగుచెందకుండ వల్లీకల్యాణము చెప్పితిని. స్వామి వృద్ధవేషమున వచ్చి వల్లిని వలచెను, ఆమె యొప్పుకొనలేదు. అంతట స్వామి అన్నగారిని తలచెను. వినాయకుడు మదపుటేనుగై అడవినుండి వెలువడెను. వల్లి బెదరి స్వామిచెంతకు పరుగిడెను. “అంటే ఏనుగు నిజంగా కొట్టడానికి రాలేదన్నమాట, తాతయ్యా!” అని పిల్ల సంతోషించెను. నేను కిటికీలోనుండి చూచుచుంటిని. త్రోవ కిరుప్రక్కల కొండలు తరిగిన తరువాత, కనుచూపుమేర పామాయిలు తోటలే. ఇచట నిజముగా ఏనుగు వెలువడిన పక్షమున అది యేమి తినును, ఎచట నీరు త్రాగును అని నాకు సందేహము కలిగెను.

ఆ తోటల చరిత్ర స్వల్పకాలపుది. 1877 లో బ్రెజిలు దేశపు రబ్బరు మొక్కలు లండనులోని రాజోద్యానము మీదుగా సింగపూరు చేరినవి. ఇరువది సంవత్సరములలో రబ్బరు తోటలు వ్యాపారమైనవి. 1917 లో సెలాంగూరు రాష్ట్రమున మొదటి పామాయిలు తోట వేసిరి. అడవి కొట్టుటకు, పాలు గీయుటకు మనుష్యులు కావలసిరి. కావున తమిళదేశమునుండియు, మన విశాఖపట్టణము, గంజాము, గోదావరి, చిత్తూరు ప్రాంతములనుండియు కంగాణీలు జనమును కొనిపోయిరి. 1938 లో మన ప్రభుత్వము ఆ విధమైన వలసను నిలిపివేసెను. పోయినవారిలో పెక్కుమంది అచటనే యుండిపోయిరి. వారి సంతతి తెలుగువారు నేటికిని పెరాకు రాష్ట్రపు దిగువ ప్రాంతమున, ముఖ్యముగా బగాన్ దాతో వైపున, ఉన్నారు.

ఆ దిగువ పెరాకులోనే తెలుక్ ఇంతాన్ అను పట్టణము కలదు. దాని సమీపమున రైలుదారి ప్రక్క ఒక యేనుగు సమాధి యున్నది. 1894 సెప్టెంబరు 17 న ఒక అడవియేనుగు తన మందను కాపాడుకొనుటకై వచ్చుచున్న రైలును తలతో ఢీకొని, దానిని పట్టాల తప్పించి, తాను మరణించెను. దానిని పాతిన చోట ఆ సంగతి తెలుపు ఫలకము నిలిపిరి. తెల్లదొరలు సైతము ఆ పౌరుషమును గౌరవించిరి. కాని రైలు ఆగలేదు, తోటలు ఆగలేదు. స్వాతంత్ర్యమునకు పూర్వము దొరల కంపెనీలు అడవి కొట్టినవి. 1956 లో యేర్పడిన భూమి యభివృద్ధి సంస్థ భూమిలేని పేదల కిచ్చుటకై మరికొంత కొట్టినది. ఒకదాని యుద్దేశము లాభము, రెండవదాని యుద్దేశము పేదల మేలు. ఏనుగునకు మాత్రము ఫల మొక్కటియే.

తోటలలో పడిన యేనుగులను మొదట కాల్చిచంపుచుండిరి. 1974 లో వన్యప్రాణిశాఖవారు ఆ పద్ధతి మాని, పట్టి దూరపు అడవులకు చేర్చుటకై ఒక దళము నేర్పరచిరి. కువాలా గండాలోని కేంద్రము 1989 లో ఆ పనికై వెలసినది. ముందు ఏనుగు జాడ పట్టుదురు. తుపాకితో మత్తుమందు సూదిని కొట్టి, కాళ్లకు గొలుసులు వేసి, చెట్టునకు కట్టుదురు. పిదప మచ్చికయేనుగులు రెండు ఇరుప్రక్కల నిలిచి, అడవియేనుగును నడుమ నుంచుకొని నడిపించి లారీ యెక్కించును. వీనినే కుంకీలందురు. ఇట్లు 600 కు మించిన యేనుగులను తమన్ నెగారా మొదలగు అరణ్యములకు చేర్చిరి.

ఈ విద్య ఆ దేశమున అడుగంటియుండుటచే, తొలి కుంకీలను అస్సామునుండియు థాయిలాండునుండియు తెప్పించిరి. మావటి ఈ మాట చెప్పగా, మా మనుమరాలు అరటిపండు నందించుచున్న చెయ్యి నాపి, “తాతయ్యా, అయితే ఇవి కూడా మనలాగే పని కోసం ఓడెక్కి వచ్చినవేనా?” అని యడిగెను. “అవునమ్మా” అంటిని. ఆపైన నాకు మాట రాలేదు.

ఏనుగులను కాపాడుట మన పూర్వులకు క్రొత్త గాదు. కౌటిల్యుడు అర్థశాస్త్రమున రాజ్యపు పొలిమేరలో ఏనుగుల వనము నేర్పరచి, దానికి కావలివారిని నియమింపుమనెను. ఏనుగును చంపినవానికి మరణదండనము విధించెను. తనంత చచ్చిన యేనుగు దంతములు తెచ్చి యిచ్చినవానికి నాలుగుంబావు పణముల బహుమానము చెప్పెను. ఆడయేనుగుల సాయముతో అడవియేనుగుల జాడ పట్టు విధము కూడ అందు కలదు. అయితే అదంతయు దయచేత గాదు, సైన్యము కొరకు. నేడు ఏనుగు మనకు యుద్ధమున నక్కరలేదు. అక్కర లేకున్నను కాపాడుటయే నేటి ధర్మమునకు పరీక్ష.

తరలింపుతో కథ ముగియునని యనుకొనరాదు. తరలించిన యేనుగులలో కొన్ని తమ పాత నెలవులకు తిరిగి బయలుదేరును. తానెరిగిన నీటిపట్టును, నడచిన త్రోవను ఏనుగు మరువదు. కావున విడివిడి ముక్కలైన అడవులను మరల కలుపుటయే అసలు మందని ఇప్పుడు ఆ దేశమువారు గ్రహించి, దేశపు నడిమిభాగమున అడవులను వెన్నెముకవలె కలుపుటకు పథకము వేసికొనిరి. అది నెరవేరుటకు చాలకాలము పట్టును.

ఈ సంగతులు పరాయిదేశపువి యని మనము వినియూరకుండరాదు. ఒడిశా వైపునుండి ఏనుగులు మా శ్రీకాకుళము, పార్వతీపురము మన్యములలోని చేలలోనికి దిగుచున్నవి. చిత్తూరు సీమలో చిరకాలము కనబడని యేనుగులు 1980 తరువాత పొరుగు రాష్ట్రములనుండి వచ్చి నిలిచినవి. వాని కొరకే కౌండిన్య అభయారణ్య మేర్పడినది. 2025 లో కర్ణాటక ప్రభుత్వము ఆంధ్రప్రదేశమునకు కుంకీల నొసగినది. పంట పోయిన రైతు కష్టము కష్టమే; ప్రాణము పోయినప్పుడు ఆ యింటికి ఏ నీతివాక్యము చెప్పిన నేమి? ఆ రైతునకు నష్టపరిహారము ఆలస్యము లేక ముట్టవలెను. ఏనుగు త్రోవను మరల ఇండ్లతో, త్రవ్వకములతో మూయకుండవలెను. ఈ రెండును ఒకదానికొకటి విరోధము గావు. మొదటిది జరుగనిచో రెండవదానికి రైతు సమ్మతింపడు.

రాత్రి తిరిగివచ్చునప్పుడు పిల్ల నా యొడిలో నిద్రపోయెను. త్రోవ పొడవునను చీకటిలో పామాయిలు చెట్లే కనబడినవి. ఆ మొదటి అడవిని కొట్టినవారిలో మావా డొకడు. దానికై ఆయనను నేను నిందింపను; ఆకలి ఆయనను ఓడ యెక్కించినది. ఏనుగును చేలోనికి దింపునదియు ఆకలియే. నూరేండ్ల క్రిందట మలయానుండి మా యింటికి వచ్చిన జాబులోని మాటలను నేడు మా మన్యపు రైతు తన చేనిగట్టున కూర్చుండి పలుకుచున్నాడు: రాత్రులు ఏనుగులు వచ్చుచున్నవి, మంటలు వేసికొని మేలుకొని యున్నాము. ఆ జాబునకు మా పెద్దలు ప్రత్యుత్తరము వ్రాసిరో లేదో నాకు తెలియదు. ఈ రైతునకు మాత్రము మనము బదులు చెప్పవలసియున్నది.