వాసన తెలియకపోవడం: ఒక రోగలక్షణం చరిత్ర

పడిశం పట్టినప్పుడు పోపు వాసన తెలియకపోవడం అందరికీ అనుభవమే. ముక్కు దిబ్బడ వదలగానే వాసన తిరిగొస్తుంది, మనిషి ఆ సంగతే మరిచిపోతాడు. తిరిగి రాకపోతేనో, అసలు పడిశమే లేకుండా పోతేనో దాన్ని రోగలక్షణంగా చూడాలి. వాసన పూర్తిగా తెలియకపోతే వైద్యులు ఎనాస్మియా అంటారు. కొంత తగ్గితే హైపోస్మియా, ఒక వాసన మరొకటిగా, చాలాసార్లు కంపుగా తోస్తే పెరాస్మియా. వైరస్‌లు, ముక్కులో పెరిగే కండలు, కుష్ఠు, తలకు దెబ్బ, పార్కిన్సన్స్, ఆల్జీమర్స్, కొన్ని లోహాల విషప్రభావం దీనికి కారణాలు. కొందరికి ఇది పుట్టుకతోనే వస్తుంది. కంటి గురించీ చెవి గురించీ అడిగినంత శ్రద్ధగా వైద్యం ముక్కు గురించి అడగలేదు. ఈ లక్షణం చరిత్రలో చాలాసార్లు రోగి ముందు చెప్పాడు, వైద్యం ఆలస్యంగా విన్నది.

వాసన ఎలా తెలుస్తుందో ఒక ఊరి పనిలో చూద్దాం. అనకాపల్లి జిల్లాలో వరాహ నది ఒడ్డున ఉన్న ఏటికొప్పాక లక్కబొమ్మలకు పేరు. లేతు మీద అంకుడు కర్ర గిర్రున తిరుగుతుంటే పనివాడు రంగు కలిపిన లక్క కడ్డీని దానికి ఆనిస్తాడు. రాపిడి వేడికి లక్క కరిగి కొయ్యకు పట్టుకుంటుంది. దాని మీద మొగలి ఆకుతో రుద్దితే నిగనిగలాడుతుంది. వేడెక్కిన లక్క నుంచి లేచిన అణువులు గాలితో పాటు ముక్కులోకి వెళ్లి, బాగా పైన, కళ్ల మధ్య ఎత్తులో తపాలా బిళ్లంత ఉండే పొరను చేరుతాయి. అక్కడి నాడీకణాల కొసల్లో ఆ అణువులను పట్టుకునే గ్రాహకాలు ఉంటాయి. మనిషిలో ఇవి దాదాపు 400 రకాలు. వీటి జన్యువులను లిండా బక్, రిచర్డ్ యాక్సెల్ 1991లో కనిపెట్టారు, 2004లో నోబెల్ అందుకున్నారు. ఆ కణాల పోగులు జల్లెడ ఎముక రంధ్రాల గుండా పైకెక్కి మెదడు అడుగున ఉన్న ఘ్రాణ కందాన్ని చేరతాయి. లక్క వాసన లక్క వాసనగా తెలిసేది ఆ తరవాతే.

ఈ దారిలో ఎక్కడ తెగినా వాసన పోతుంది. ఎక్కడ తెగిందన్న దాన్ని బట్టి జబ్బు మారుతుంది.

ప్రాచీన భారతీయ వైద్యులు ఈ లక్షణాన్ని రెండు చోట్ల పెట్టారు. సుశ్రుత సంహిత ఉత్తర తంత్రం ముక్కు జబ్బులను 31గా లెక్కించింది. ముక్కు మూసుకుపోయి, ఎండిపోయి, వాసన తెలియని స్థితి వాటిలో ఒకటి. అంటే అది కుదిర్చదగిన రోగం. చరక సంహితలో మరణ సూచనలు చెప్పే ఇంద్రియస్థానం మాత్రం దాన్ని వేరుగా చూసింది. మంచి వాసన చెడ్డగా, చెడ్డది మంచిగా తోచేవాడికీ, అసలే తెలియనివాడికీ ఆయువు తీరిందని చెప్పింది. ఈ భావన నీతికథల మీదుగా జనంలోకి పాకింది. ఆయువు మూడినవాడికి ఆరిపోయిన దీపం వాసన తెలియదని, అరుంధతి నక్షత్రం కనపడదని పెద్దలు ఇప్పటికీ అంటుంటారు.

దీన్ని మూఢనమ్మకంగా కొట్టిపారేయడం తొందరపాటవుతుంది. అమెరికాలో 57 నుంచి 85 ఏళ్ల మధ్య వయసున్న 3,005 మందిని వాసన పరీక్ష చేసి, ఐదేళ్ల తరవాత మళ్లీ వాకబు చేశారు. వాసన బొత్తిగా తెలియనివారిలో 39 శాతం మంది చనిపోయారు. బాగా తెలిసినవారిలో చనిపోయింది 10 శాతం. ఈ అధ్యయనం 2014లో వెలువడింది. వాసన పోయినంత మాత్రాన ప్రాణం పోదు. అయితే ముక్కులోని నాడీకణాలు జీవితాంతం చస్తూ, కొత్తవి పుడుతూ ఉంటాయి. ఆ మరమ్మతు ఆగిందంటే ఒంట్లో మిగతా మరమ్మతులూ మందగించి ఉండవచ్చని పరిశోధకుల ఊహ.

తెలుగు నేల మీద ముక్కును రోగనిర్ధారణలో ముందుకు తెచ్చిన జబ్బు కుష్ఠు. నిజామాబాద్ దగ్గర డిచ్‌పల్లిలో స్కాట్లాండ్ నుంచి వచ్చిన డాక్టర్ ఇసబెల్ కెర్, ఆమె భర్త జార్జ్ కెర్ 1915లో కుష్ఠు ఆసుపత్రి తెరిచారు. రాజా నర్సాగౌడ్ విరాళం ఇచ్చాడు. అప్పటి చికిత్స చాల్మోగ్రా నూనె సూదిమందు. ఆరు దశాబ్దాల తరవాత అదే ఆసుపత్రిలో పనిచేసిన టి.ఎఫ్. డేవీ, ఆర్.జె.డబ్ల్యు. రీస్‌తో కలిసి రోగుల చీమిడిని పరీక్షించి 1974లో ఫలితాలు ప్రచురించాడు. చికిత్స అందని రోగి ముక్కు నుంచి కుష్ఠు బాక్టీరియా లెక్కకు మిక్కిలిగా బయటికి వస్తోందని తేలింది. చర్మం మీది మచ్చను తాకితేనే జబ్బు అంటుకుంటుందని జనం భయపడుతున్న కాలంలో ఇది పెద్ద మాట.

కుష్ఠు బాక్టీరియాకు ఒంట్లో చల్లని చోట్లంటే ఇష్టం. పీల్చే గాలితో ముక్కు లోపలి పొర ఎప్పుడూ చల్లబడుతూనే ఉంటుంది. అందుకే లెప్రొమేటస్ అనే కుష్ఠు రకంలో ముక్కు దిబ్బడ, చెక్కులు కట్టడం, రక్తం కారడం, వాసన మందగించడం చాలా ముందుగానే మొదలవుతాయి. ముక్కు దూలం కూలిపోయి ముఖం మారేది ఎంతో తరవాత. ఈ రెండింటికీ నడుమ గడిచే ఏళ్లలో రోగి చెప్పుకున్న ‘వాసన తెలియట్లేదు’ను పడిశమని వదిలేసిన సందర్భాల్లో వైకల్యాన్ని ఆపే అవకాశం చేజారింది. కుష్ఠు చరిత్రలో చాలా బాధించే సంగతి ఇది.

తలకు దెబ్బ తగిలి వాసన పోయిన రోగి గురించి లండన్ వైద్యుడు హ్యూలింగ్స్ జాక్సన్ 1864లోనే రాశాడు. తల వెనక్కి పడి గట్టిగా తగిలితే మెదడు ముందుకు కదిలి, జల్లెడ ఎముక దగ్గర సన్నని నాడులు తెగుతాయి. ముక్కుకు గీత కూడా పడనక్కర్లేదు. హెల్మెట్ లేకుండా బైకు మీంచి పడ్డవాళ్లకు కట్టు విప్పి, ఇంటికొచ్చి, అన్నం ముందు కూర్చున్నాక గాని ఇది తెలిసిరాదు. ఈ రకంలో తిరిగి కోలుకునేవాళ్లు తక్కువ.

వైద్యమే వాసనను పోగొట్టిన ఉదంతమూ ఉంది. పోలియో ముక్కు ద్వారా మెదడుకు చేరుతుందన్న నమ్మకంతో 1937లో కెనడాలోని టొరంటోలో వేలమంది పిల్లల ముక్కుల్లో జింక్ సల్ఫేట్ కొట్టారు. పోలియో ఆగలేదు. కొందరు పిల్లలకు వాసన శాశ్వతంగా పోయింది.

కర్మాగారాలు మరో అధ్యాయం. బ్యాటరీలు చేసేచోట కాడ్మియం ధూళి పీల్చిన కార్మికులకు వాసన తెలియడం లేదని స్వీడన్‌లో లార్స్ ఫ్రిబెర్గ్ 1950లో నివేదించాడు. ఇంగ్లండ్‌లోని హై వికోంబ్ కుర్చీలకూ బల్లలకూ పేరుపడ్డ ఊరు. అక్కడి వడ్రంగుల్లో అరుదైన ముక్కు క్యాన్సర్ పదేపదే కనిపించడాన్ని ఇ.ఎన్.టి. వైద్యురాలు ఎస్మె హాడ్‌ఫీల్డ్ 1960లలో పట్టుకున్నారు. ఒకవైపు ముక్కు మూసుకుపోవడం, రక్తం పడటం, వాసన తగ్గడం దాని తొలి గుర్తులు. 1995లో అంతర్జాతీయ క్యాన్సర్ పరిశోధన సంస్థ కొయ్యపొడిని మనిషికి క్యాన్సర్ తెచ్చే పదార్థాల్లో చేర్చింది. ఏటికొప్పాక లాంటి ఊళ్లకు ఈ చరిత్ర పరాయిది కాదు. రంగుల విషయంలో ఆ ఊరు దేశానికే దారి చూపింది. రసాయన రంగుల స్థానంలో చెట్ల బెరళ్లు, ఆకులు, గింజల నుంచి తీసిన రంగులను నిలబెట్టినందుకు అక్కడి కళాకారుడు సి.వి. రాజుకు 2023లో పద్మశ్రీ దక్కింది. బొమ్మలకు 2017లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. బొమ్మను నోట్లో పెట్టుకునే పిల్లవాడి గురించి ఆలోచించినంతగా లేతు మీద వంగి పొట్టు పీల్చే పనివాళ్ల గురించీ ఆలోచించాలి. ముక్కుకు మాస్కు, పొట్టును లాగేసే ఫ్యాను, ఏడాదికోసారి ముక్కు పరీక్ష: ఖర్చు ఏమంత పెద్దది కాదు.

మెదడు జబ్బుల్లో ఈ లక్షణం గుర్తింపుకు నోచుకోవడానికి ఒకటిన్నర శతాబ్దం పట్టింది. 1817లో జేమ్స్ పార్కిన్సన్ తన పేరు స్థిరపడిన జబ్బును వర్ణిస్తూ ఇంద్రియాలకూ బుద్ధికీ దెబ్బ తగలదని రాశాడు. చేతుల వణుకు చూసిన ఆ కళ్లకు ముక్కు లోపం కనపడలేదు. 1975లో అన్సారీ, జాన్సన్ ఆ రోగులకు వాసన పరీక్ష చేశాక గాని లోపం బయటపడలేదు. 2003లో జర్మన్ శాస్త్రవేత్త హైకో బ్రాక్ చనిపోయినవారి మెదళ్లను పరిశీలించి, ఈ జబ్బు తొలి మెట్లలోనే ఘ్రాణ కందం చెడుతుందని చూపించాడు. వణుకు మొదలవడానికి ఏళ్ల ముందే వాసన సన్నగిల్లుతుందని ఇప్పుడు నాడీవైద్యులు ఒప్పుకుంటారు. పదిమంది రోగుల్లో ఎనిమిది, తొమ్మిది మందికి ఈ లోపం ఉంటుంది. మెల్లగా పోతుంది కాబట్టి వాళ్లలో చాలామందికి పోయిందనే తెలియదు. కూరలో రుచి లేదని ఇంట్లోవాళ్ల మీద విసుక్కుంటారు.

కొలిచే సాధనం 1984లో వచ్చింది. ఫిలడెల్ఫియాలో రిచర్డ్ డోటీ గీకి వాసన చూసే 40 అట్టల పరీక్ష తయారుచేశాడు. అందులో గుమ్మడికాయతో చేసే ‘పై’ అనే వంటకం, రూట్ బీర్ అనే అమెరికా పానీయం వాసనలు ఉన్నాయి. జీవితంలో ఎన్నడూ చూడని వాసనను గుర్తుపట్టలేదని తెలుగు పెద్దాయనకు లోపం అంటగట్టడం అన్యాయం. ఇక్కడి పరీక్షలో ఇంగువ, కర్పూరం, వాము, మల్లె ఉండాలి.

2020లో ఈ లక్షణానికి ఒక్కసారిగా గుర్తింపు వచ్చింది. మార్చి మూడో వారంలో బ్రిటన్ ముక్కు వైద్యులు క్లేర్ హాప్కిన్స్, నిర్మల్ కుమార్ ఒక హెచ్చరిక విడుదల చేశారు. జలుబు లేకుండా వాసన పోయినవారిని కోవిడ్ అనుమానితులుగా చూడమన్నారు. అదే నెల 12న ఆంధ్రప్రదేశ్‌లో తొలి కేసు నెల్లూరులో తేలింది. గ్రామ వాలంటీర్లు, ఆశా కార్యకర్తలు గడపగడపకూ తిరిగి జ్వరం, దగ్గు, ఆయాసం గురించి అడిగారు. వాసన, రుచి పోవడాన్ని కేంద్ర ఆరోగ్య శాఖ లక్షణాల జాబితాలో చేర్చింది జూన్ 13న. అప్పటికే జనం సబ్బు, కాఫీపొడి వాసన చూసి తమను తాము పరీక్షించుకుంటున్నారు.

వైరస్ నాడీకణాలనే చంపుతుందని మొదట అనుకున్నారు. హార్వర్డ్ బృందం అదే ఏడాది జులైలో వేరే సంగతి చెప్పింది. వైరస్ అతుక్కునే ఏసీఈ-2 ప్రొటీన్ నాడీకణాల మీద కాక, వాటికి ఆసరాగా ఉండే కణాల మీద ఉంది. ఆసరా కణాలు మళ్లీ పెరిగితే వాసనా తిరిగొస్తుంది. అందుకే చాలామందికి కొన్ని వారాల్లో వాసన మళ్లీ తెలిసింది. కొందరికి నెలల తరవాత వంకరగా వచ్చింది. వేగిన ఉల్లిపాయ, వెల్లుల్లి, కాఫీ భరించలేని కంపు కొట్టి, పోపు వేసే వేళకు ఇల్లు వదిలి బయట కూర్చున్నవాళ్లున్నారు.

చికిత్స కారణాన్ని బట్టి. ముక్కులో కండలుంటే స్టెరాయిడ్ స్ప్రే, అవసరమైతే శస్త్రచికిత్స. కుష్ఠుకు బహుళ ఔషధ చికిత్స. వైరస్ తరవాత మిగిలిపోయిన లోపానికి 2009లో జర్మనీలోని డ్రెస్డెన్‌లో థామస్ హమ్మెల్ బృందం పరీక్షించిన అభ్యాసం ఉంది: గులాబీ, నిమ్మ, లవంగం, నీలగిరి తైలం. ఒక్కోదాన్ని రోజుకు రెండుసార్లు కొన్ని సెకన్ల పాటు మనసు పెట్టి వాసన చూడాలి. కనీసం 12 వారాలు సాగించాలి. నాలుగూ తెలుగిళ్లలో దొరికేవే.

పడిశం వదిలాక నెల దాటినా వాసన రాకపోతే ఇ.ఎన్.టి. వైద్యుడికి చూపించాలి. ఒకవైపు ముక్కు నుంచి రక్తం పడుతుంటే నెల ఆగకూడదు. ఈలోగా ఇంట్లో జాగ్రత్త మరొకటుంది. వంటగ్యాసుకు సొంత వాసన లేదు, లీకైతే తెలియడానికే అందులో మెర్కాప్టన్ కలుపుతారు. వాసన తెలియనివాళ్లకు ఆ కాపలా ఉండదు. అలాంటివాళ్లు ఒంటరిగా ఉండే ఇంట్లో రాత్రి సిలిండర్ రెగ్యులేటర్ కట్టేయాలి, గ్యాసు లీకైతే మోగే అలారం పెట్టించాలి. పాల గిన్నె మీద, కూర డబ్బా మీద తేదీ రాసి పెట్టుకోవాలి.