ఏనుగుల దోవ

ఈసారి మా ఇంటి ట్రంకు పెట్టెలో దొరికిన ఒక కాగితం గురించి రాస్తున్నాం. స్వాతంత్ర్యానికి ముందు రాసిన క్రయపత్రం అది. గుడియాత్తం నుంచి పలమనేరు పొయ్యే దోవలో, అడివి అంచున మా ముత్తాత కొన్న మామిడి తోపుది. మడతల దగ్గర పొడి రాలిపోతా ఉన్నా, చెక్కుబందీ రాసిన చోటు బాగానే ఉంది. ఉత్తరం వంక, దక్షిణం వేరే వాళ్ల చేను, పడమర గుట్ట, తూర్పు "ఏనుగుల దోవ".

మేం బడిలో చదివింది కన్నడం. తెలుగు అక్షరాలు పెద్దయినాక, కన్నడ అక్షరాల పక్కన పెట్టుకొని నేర్చుకున్నవి. అందుకే ఆ ఒక్క మాటను ముగ్గురు మూడుసార్లు చదివి చూసినాం. సందేహం లేదు, ఏనుగులే.

దీంట్లో ఏముంది అంటారేమో. మా ఇంట్లో నలభై ఏళ్లుగా నడుస్తున్న తగాదా ఒకటి ఇందులోనే ఉంది.

పుస్తకాల్లో ఉన్న కథ ఇది. ఆంధ్ర వైపు అడవుల్లో దాదాపు రెండు వందల ఏళ్లు ఏనుగులు లేవు. 1980ల మొదట్లో హోసూరు, ఆనేకల్ వైపు నుంచి ఒక మంద బయల్దేరి కుప్పం, పలమనేరు అడవులకు వచ్చి చేరింది. వచ్చినవి పోలేదు. 1990లో అక్కడ కౌండిన్య అభయారణ్యం ఏర్పడింది, సుమారు 357 చదరపు కిలోమీటర్లు. కౌండిన్య నది ఆ అడివి నీళ్లతోనే మోర్దానా ఆనకట్టకు, అక్కడినుంచి గుడియాత్తానికి వస్తుంది. వైకాశి నెల మొదటి రోజు గంగమ్మ శిరస్సు జాతర జరిగేది ఆ ఏటి ఒడ్డునే. నదికి లేని సరిహద్దు ఏనుగుకు ఎక్కడిది? 1911 దాకా పలమనేరు, గుడియాత్తం రెండూ నార్త్ ఆర్కాట్ జిల్లాలోనే ఉండేవి. ఆ ఏడు చిత్తూరు జిల్లా వేరైంది, వేలూరు మాకు జిల్లా కేంద్రం అయింది. 1953లో మధ్యన రాష్ట్రాల గీత పడింది. అడివికి ఇవేవీ తెలీవు.

మా తోపులోకి ఏనుగులు వచ్చింది ఆ 1980ల్లోనే. మూడు కాపులు వరసగా పోయినాయి. అప్పులు మీద పడి, మా పెదతాత వచ్చిన రేటుకు తోపు అమ్మేసినాడు. పొయ్యేదాకా ఆయన ఒకటే మాట: "ఎక్కడివో వచ్చి మన సొత్తు తినేసినాయి." మా అవ్వ మాత్రం "అది వాటి దోవేరా, మా అత్త కూడా అట్నే అనేది" అనేది. అందరూ నవ్వేవాళ్లు. మేం కూడా నవ్వినాం.

మా ఉద్యోగం సాఫ్ట్‌వేర్ టెస్టింగు. ఎవరు ఏం చెప్పినా, జరిగినాక చెప్పిన మాటా, ముందు నుంచీ ఉన్న మాటా అని చూడడం అలవాటు. ఏనుగులు వచ్చినాక అవ్వే ఆ పేరు పెట్టి ఉంటుందని అనుకున్నాం. క్రయపత్రం ఆ అనుమానం తీర్చేసింది. ఏనుగులు రావడానికి నలభై ఏళ్లకు పైగా ముందే ఆ పేరు కాగితం మీద ఉంది. అప్పటికి ఆ దోవలో ఏనుగును చూసినవాళ్లు ఎవరూ బతికి లేరు. పేరు మాత్రం మిగిలింది.

ఈ సీమలో ఏనుగు మాట కోసం చరిత్రలో వెతికితే మాకు దగ్గర్లో దొరికింది 1749 ఆంబూరు యుద్ధం. ఆర్కాటు నవాబు అన్వరుద్దీన్ ఏనుగు మీద ఉండగానే చచ్చిపోయినాడు. అది సైన్యం ఏనుగు, అడివిది కాదు. ఇంకా వెనక్కి పోతే వీరగల్లులు. జవ్వాది కొండల పక్క చెంగం సీమలో ఎడుత్తనూరు అనే ఊర్లో, ఏడో శతాబ్దం, మహేంద్రవర్మ కాలం నాటి రాయి ఒకటి ఉంది. పశువుల దొంగల్ని ఎదిరించి చచ్చిన వీరుడితో పాటు, కోవివన్ అనే అతని కుక్క పేరు కూడా దాని మీద చెక్కినారు. మా తోపు పక్కన కూడా అరిగిపోయిన రాయి ఒకటి ఉండేది, ఆడవాళ్లు పసుపు పూసేవాళ్లు. దాని మీద ఏనుగు ఉంటుందని ఆశపడి పోయి చూసినాం. విల్లు పట్టుకున్న మనిషి ఉన్నాడు, అంతే.

చెట్ల దగ్గర కూడా మోసపోయినాం. కొన్నవాళ్లు పాత మామిడి చెట్టు కొట్టేసినప్పుడు మొద్దు మీద వలయాలు లెక్కపెట్టడానికి కూర్చున్నాం. మన ఎండ దేశంలో చాలా చెట్లకు ఏడాదికి ఒక వలయం అనే లెక్క నిలబడదని తర్వాత తెలిసింది. టేకు నిలుస్తుంది. పూణేలోని ఉష్ణమండల వాతావరణ సంస్థ వాళ్లు కేరళ టేకు వలయాలు చదివి వందల ఏళ్ల వానల లెక్క తీసినారు. వాన తక్కువైన ఏడు వలయం సన్నబడుతుంది. మా తోపులో టేకు లేదు.

కాబట్టి మా దగ్గర ఉన్న సాక్ష్యం ఆ ఒక్క మాటే. పెదతాత బతికి ఉంటే చూపించేవాళ్లమా అని ఇంట్లో మాట వచ్చింది. తోపు పోయిన మనిషికి "అది వాటి దోవే" అని కాగితం చూపించడం ఏం న్యాయం అని మాలో ఒకరు అన్నారు. ఇంకా తెగలేదు.

పోయిన నెల తోపు వైపు పోయినాం. ఇప్పటి ఆసామి రాత్రిళ్లు టపాకాయలు పెట్టుకొని మంచె మీద పడుకుంటాడు. గుట్ట నుంచే దిగుతాయని పడమర పక్క కందకం తవ్వించినాడంట, దానికే చాలా ఖర్చయిందంట. అయినా ఎట్నో లోపలికి వస్తానే ఉన్నాయి అన్నాడు. ఫోనులో ఉన్న క్రయపత్రం ఫోటో చూపించి, తూర్పు ఎల్ల చదివి వినిపించినాం. కాసేపు ఏం మాట్లాడలేదు. తర్వాత లేచి వంక దాకా నడిచి, తూర్పు కంచె పొడుగునా చూసుకుంటా వచ్చి, "దీని జిరాక్స్ ఒకటి నాకు పంపండి సామీ" అన్నాడు.