కర్ణుడి నుంచి ధర్మరాజు దాకా: డాక్టర్ ఎం. ప్రభాకర్‌రెడ్డి నటన, కథారచన

కథానాయకుడూ ప్రతినాయకుడూ కాకుండా కథకు నిలకడనిచ్చే పాత్రలు ధరించే నటుణ్ణి సహాయ నటుడనీ, పాత్ర స్వభావానికి ప్రాధాన్యమిచ్చి చెప్పేటప్పుడు గుణచిత్ర నటుడనీ అంటారు. ఈ కోవలో ఎస్.వి. రంగారావు, గుమ్మడి వంటివారి గురించి విస్తారమైన చర్చ జరిగింది గాని, 400కు పైగా చిత్రాల్లో నటించిన డాక్టర్ మందాడి ప్రభాకర్‌రెడ్డి ప్రస్తావన తారాగణ పట్టికలను దాటి వచ్చింది తక్కువ. ఆయన ధరించిన పాత్రలను, రాసిన కథలను కలిపి పరిశీలిస్తే తప్ప ఆ కృషి స్వరూపం బోధపడదన్నది ఈ వ్యాస ప్రతిపాదన.

ప్రభాకర్‌రెడ్డి 1935 అక్టోబరు 8న నాటి నల్లగొండ జిల్లా తుంగతుర్తిలో జన్మించారు. నేటి జనగామ, మహబూబాబాద్ జిల్లాలకు చేరువలో ఉన్న ఈ ప్రాంతం తెలంగాణ సాయుధ పోరాటానికి పట్టుగొమ్మ. 1946లో ఆ పోరాటంలో దొడ్డి కొమరయ్య నేలకొరిగిన కడవెండి ఈ చుట్టుపక్కలదే. సినిమా విషయానికొస్తే, అప్పటి తెలుగు చిత్ర పరిశ్రమకు మద్రాసు కేంద్రం. కాజీపేట నుంచి కేసముద్రం, మానుకోట (మహబూబాబాద్), డోర్నకల్ మీదుగా బెజవాడకు, అక్కడి నుంచి మద్రాసుకు రైలు దారి ఉన్నప్పటికీ, ఆ పరిశ్రమలో నిలదొక్కుకున్న తెలంగాణ నటులు అరుదు. పైడి జైరాజ్ బొంబాయిని ఎంచుకోగా, కోదాడ ప్రాంతపు కాంతారావు జానపద కథానాయకుడిగా స్థిరపడ్డారు. ఉస్మానియా వైద్య కళాశాలలో చదివిన ప్రభాకర్‌రెడ్డి, 1960లో గుత్తా రామినీడు దర్శకత్వం వహించిన ‘చివరకు మిగిలేది’తో తెరకెక్కారు. మానసిక చికిత్సాలయం నేపథ్యంగా సాగే కథతో ఒక వైద్య పట్టభద్రుడు నటుడు కావడం యాదృచ్ఛికమే అయినా ముచ్చటైన సంగతి.

సంప్రదాయ నాట్యశాస్త్రం అభినయాన్ని ఆంగికం, వాచికం, ఆహార్యం, సాత్త్వికం అని నాలుగు విధాలుగా చెబుతుంది. వీటిలో ఆహార్యం, అంటే వేషభూషలు, పౌరాణిక చిత్రంలో పాత్రను చూడగానే గుర్తుపట్టిస్తుంది కాబట్టి, సహాయ నటుడికి మిగిలేది ఆంగికమూ వాచికమూ సాత్త్వికమూ మాత్రమే. ‘నర్తనశాల’ (1963)లో ప్రభాకర్‌రెడ్డి కర్ణుడు. విరాట పర్వ కథలో కర్ణుడు ఉత్తర గోగ్రహణంలో ఓడిపోయే పక్షంవాడు గనుక, తక్కువ నిడివిలోనే ఆ వీరుడి అభిమానం కనబడాలి, బృహన్నల గెలుపును మాత్రం మింగేయకూడదు. పద్నాలుగేళ్ల తర్వాత ‘దాన వీర శూర కర్ణ’ (1977)లో ఎన్.టి. రామారావు కృష్ణ, దుర్యోధన, కర్ణ పాత్రలు మూడింటినీ ధరించినప్పుడు ప్రభాకర్‌రెడ్డి ధర్మరాజయ్యారు. కుంతి కన్న కొడుకుల్లో ఇద్దరిని, ఎదురెదురు పక్షాల నుంచి, ఒకే నటుడు పోషించడం సామాన్యం కాదు. కర్ణుడికి కావలసింది రోషమైతే, ధర్మరాజుకు కావలసింది రోషాన్ని అణచుకునే నిబ్బరం. బహుముఖత్వమంటే వేషాలు మార్చడమే అనుకునేవారికి ఈ తేడా కనిపించదు.

కథకుడిగా ఆయన చేసిన పని ఇంతకంటే ఆసక్తికరం. పి. లక్ష్మీదీపక్ దర్శకత్వంలో వచ్చిన ‘పండంటి కాపురం’ (1972) కథ ప్రభాకర్‌రెడ్డిదే. అది ఆ సంవత్సరపు ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ పురస్కారం పొందింది. కృష్ణ కథానాయకుడైనా, ఉమ్మడి కుటుంబంలోని అన్నదమ్ముల బరువు గుమ్మడి వంటి నటుల మీద, ఎదురుపక్షపు బరువు రాణీ మాలినీదేవిగా నటించిన జమున మీద పడేలా కథ అల్లుకుంది. జయసుధకు తొలి చిత్రమూ ఇదే. ఒక్కరి భుజాల మీదనే నడిచే కథ కాకుండా పది మందికి పని దొరికే కథను కట్టడంలో, ఏళ్ల తరబడి ఇతరుల కథల్లో పక్కన నిలబడిన నటుడి దృష్టి కనిపిస్తుందని చెప్పడం అతిశయోక్తి కాదు. సినిమా వ్యాపారం కథానాయకుడి చుట్టూ తిరిగే రోజుల్లో ఇటువంటి కథను ఒప్పించి తీయించడం చిన్న విషయమూ కాదు.

మాదాల రంగారావు నిర్మించిన ‘యువతరం కదిలింది’ (1980) వంటి వామపక్ష భావాల చిత్రాల్లోనూ ప్రభాకర్‌రెడ్డి నటించారు. పోరాటాల గడ్డ నుంచి వచ్చిన నటుడు ఆ తరహా చిత్రాల్లో కనిపించడం వింత కాకపోయినా, నటుడి పుట్టుకకూ పాత్రకూ నేరుగా ముడిపెట్టడం తొందరపాటవుతుంది. అదే నటుడు రాజభవనాల కథల్లోనూ అంతే సహజంగా ఒదిగిపోయారు. 1997 నవంబరులో ఆయన మరణించారు. హైదరాబాద్‌లో, మణికొండ వద్ద సినీ కార్మికుల ఇళ్ల కోసం వెలసిన చిత్రపురి కాలనీకి పెట్టింది ఈ సహాయ నటుడి పేరే.