పోలీసు కట్టిన దొంగ వేషం

ముప్పై ఏళ్లు ఖాకీ చొక్కా తొడిగినవాణ్ణి. సినిమాలో దొంగ కనిపిస్తే నా చూపు ముందు వాడి నడక మీదికే పోతుంది. 1935లో చెక్ దర్శకుడు మార్టిన్ ఫ్రిచ్ తీసిన ‘యానోషిక్’ చూసినప్పుడూ అంతే. స్లొవాక్ కొండల్లో, ఆ నలుపు తెలుపు బొమ్మలో, దొంగ నిటారుగా నిలబడ్డ తీరు చూసి ‘వీడెవడో పరేడ్ చేసినవాడే’ అనుకున్నాను. తర్వాత తెలిసింది, ఆ వేషం కట్టిన పాల్యో బియెలిక్ అప్పటికి నిజంగానే పోలీసు! బాన్‌స్కా బిస్త్రిత్సా దగ్గరి పల్లెలో 1910లో పుట్టాడు. డ్యూటీ లేనప్పుడు నాటకాలాడేవాడు.

సినిమాకి పేరిచ్చిన అసలు దొంగ యానోషిక్ ఏమన్నా తక్కువా? 1688లో తెర్హొవాలో పుట్టి, సైన్యంలో చేరి, బిచ్చా కోటలో కాపలా కాసి, ఆ తర్వాతే ముఠా కట్టాడు. 1713లో లిప్తోవ్‌స్కీ మికులాష్‌లో పక్కటెముకలోకి కొక్కెం దించి వేలాడదీశారంటారు. సినిమాలో బియెలిక్ ఆ కొక్కెం కింద చిందులేస్తాడు. తలారి చెయ్యి పడకముందే తనే ఎగిరి దానికి తగులుకుంటాడు. ఆ ఒక్క గంతుతో వాళ్ల దేశమంతా తెలిసిన మొహమైపోయాడు.

నేనైతే ఆ గంతు మీదే బతికేసేవాణ్ణి. అతను మాత్రం కెమెరా వెనక్కి వెళ్లాడు. 1944లో హిట్లర్ పక్షాన ఉన్న సొంత ప్రభుత్వం మీద స్లొవాక్ సైనికులు తిరగబడ్డప్పుడు ఆ పోరును చిత్రీకరించాడు. అదే కథ రాసుకుని 1948లో ‘తోడేళ్ల గుహలు’ తీశాడు. 1959 నాటి ‘కెప్టెన్ దబాచ్’లో హీరో కూడా యూనిఫాం మనిషే.

నన్ను కూర్చోనివ్వనిది మాత్రం 1957లో అతను తీసిన ‘నలభై నాలుగు’. మొదటి ప్రపంచ యుద్ధంలో రష్యాలో యుద్ధఖైదీలుగా మగ్గి ఇంటికొచ్చిన ఆస్ట్రియా-హంగరీ సైన్యపు ట్రెన్చిన్ రెజిమెంటు సిపాయిలను మళ్లీ యుద్ధానికి పొమ్మన్నారు. 1918 జూన్‌లో, సెర్బియాలోని క్రగుయెవాత్స్‌లో, వాళ్లు తిరగబడ్డారు. నలభై నలుగురిని కాల్చేశారు. పై అధికారి మాట జవదాటకూడదని కొత్త కుర్రాళ్లకి పాఠం చెప్పినవాణ్ణి నేను. చూస్తున్నంతసేపూ సిపాయిల పక్షానే ఉన్నాను.

1962-63లో బియెలిక్ మళ్లీ యానోషిక్ దగ్గరికే వచ్చాడు, ఈసారి రంగుల్లో, రెండు భాగాలుగా. అప్పటికి తనకు యాభై దాటాయి, వేషం ఫ్రాంటిషెక్ కుఖ్తాకి ఇచ్చాడు. బాగానే తీశాడుగానీ, కుఖ్తా నడకలో నాకు పరేడ్ కనపడలేదు.