సిల్వర్‌ఫిష్ ఉచ్చులు

పుస్తకాలు, గోడకాగితాలు, గంజి పెట్టిన బట్టలు కొరికే సిల్వర్‌ఫిష్‌ను పట్టడానికీ, అది ఎక్కడ మసలుతోందో కనిపెట్టడానికీ వాడే సాధనాలు. తెలుగులో ఈ పురుగుకు రామబాణం అనే పేరుంది. రెక్కలు లేని ఒళ్లు, వెండిపొడి అద్దినట్టుండే పొలుసులు, చివర మూడు తోకపోగులు దీని ఆనవాళ్లు. పొడవు సుమారు 12 మిల్లీమీటర్లు.

పురుగును గుర్తించడం

రాబర్ట్ హుక్ 1665లో 'మైక్రోగ్రాఫియా'లో దీని బొమ్మ వేసి, పుస్తకాలకు చిల్లులు పెట్టేది ఇదేనన్నాడు. నిజానికి ఇది కాగితాన్ని పైపైన గీరి తింటుంది. సొరంగంలా సాగే చిల్లులు పెంకుపురుగుల పిల్లలవి. లిన్నేయస్ 1758లో పెట్టిన లెపిస్మా సక్కరీనా అనే పేరులోనే తీపి మీద దీని మక్కువ తెలుస్తుంది. తాళపత్రాల కాలంలో మన దేశంలో ఉచ్చుల కన్నా ఘాటు వాసనలనే నమ్మారు: వసకొమ్ము, వేపాకు, నిమ్మగడ్డి నూనె.

విషపు ఎర

పిండిపదార్థం మీద దాని ఆశనే మనుషులు ఎరగా మార్చారు. ఉడికించిన గంజిలో పాషాణం కలిపి, అట్టముక్కలకు పూసి, పురుగు తిరిగేచోట పెట్టమని అమెరికా వ్యవసాయ శాఖ 1915లో సూచించింది. పసిపిల్లలున్న ఇంటికి అది ప్రమాదకరమైన మందు.

గాజు సీసా

విషంతో పనిలేని ఉచ్చు ఇది. సీసా బయటివైపు గరుకు టేపు చుట్టి, లోపల చెంచాడు గోధుమపిండి వేసి, రాత్రి అల్మరా మూలన పెడతారు. టేపును పట్టుకుని పురుగు పైకెక్కుతుంది, పిండి కోసం లోపలికి దిగుతుంది. నున్నటి గాజు మీద కాళ్లు జారి మళ్లీ బయటికి రాలేదు.

జిగురు అట్ట

20వ శతాబ్దం చివరి దశాబ్దాల్లో మ్యూజియాలు, గ్రంథాలయాలు ఉచ్చుకు కొత్త పని అప్పగించాయి. జిగురు అట్టలను గోడ వెంబడి పరిచి, ఏ అట్టకు ఎన్ని అంటుకున్నాయో తేదీలతో రాసుకోవడం మొదలైంది. నార్వేలో 2013లో బూడిదరంగు జాతి బయటపడ్డాక, అక్కడి ప్రజారోగ్య సంస్థ పరిశోధకులు జిగురు అట్టలతో వాటి జాడ తీసి, అతి కొద్ది మోతాదులో విషపు ఎర వాడి సంఖ్యను బాగా తగ్గించారు.

పరిమితి

ఈ పురుగు కొన్నేళ్లు బతుకుతుంది, నెలల తరబడి పస్తుండగలదు, పగుళ్లలో గుడ్లు దాస్తుంది. అందుకే ఒక్క ఉచ్చుతో ఇల్లు ఖాళీ కాదు. ఏ మూల అట్ట ముందుగా నిండిందో ఆ మూల తేమ ఉందేమో చూడాలి. కారే పైపు బాగుచేసి, గోడ ఆరనిచ్చి, పుస్తకాలకు గాలి తగలనిస్తేనే ఉచ్చు పెట్టిన ఫలితం దక్కుతుంది.